నిండు గాదె

ఏడో ఇనుప గాదె పైకప్పు రేకు విరిగి బావమరిది లోపలికి పడిపోయేసరికి, గోదాము మేనేజరు కింద నిలబడి మంత్రిగారి కోసం తెచ్చిన పూలగుత్తి సర్దుతున్నాడు.

వాణ్ణి పైకి ఎక్కించింది తనే. చుట్టపుచూపుగా వచ్చినవాణ్ణి, "ఊరికే కూర్చోకుండా ఆ జెండా ఏదో కట్టి పెట్టరా" అన్నాడు. వాడు నవ్వుతూ ఎక్కాడు.

గుమాస్తాలు, కూలీలు పరుగున వచ్చారు. లోపల్నుంచి ఇనుప గోడ మీద దబదబా చప్పుడు. "బావా!" అన్న కేక గుమ్మటంలో అరిచినట్టు మోగింది. తర్వాత ఏమన్నాడో తెలియలేదు.

"హమ్మయ్య, బతికే ఉన్నాడు! గింజల మీద పడ్డాడు కాబట్టి సరిపోయింది" అన్నాడు ఇంజనీరు.

మేనేజరు జేబులోని తాళంచెవి తడుముకున్నాడు.

ఇంజనీరు ఎవరినీ పైకి వెళ్లనివ్వలేదు. రేకులన్నీ తుప్పు పట్టాయి, ఇంకొకరు కాలు పెడితే వాళ్లూ లోపలికే. పట్నం నుంచి క్రేను రావాలి. అది వచ్చేసరికి సాయంత్రమవుతుంది. ఎండకు ఆ ఇనుము పెనంలా కాలుతోంది.

కబురు తెలిసి మేనేజరు భార్య పరుగెత్తుకొచ్చింది.

"ఏమండీ, కింద తలుపుంది కదా! తాళంచెవి మీ దగ్గరే కదా! తీయరేం?"

"అమ్మా, గాదె నిండా ధాన్యం" అన్నాడు ఇంజనీరు. "తలుపు తీస్తే వరదలా బయటికి దూకుతుంది. మీ తమ్ముణ్ణి కిందికి లాగేసి ముంచేస్తుంది. తీసినవాడూ మిగలడు."

ఆమె గోడకు రెండు చేతులూ ఆనించింది. వేడికి చురుక్కుమన్నా తీయలేదు. "వాడికి చిన్నప్పట్నుంచీ చీకటంటే భయమండీ" అంది.

ప్రమాదం సంగతి వేదిక దాకా పోనివ్వలేదు మంత్రిగారి కార్యదర్శి. ఆవరణకు అటు చివర మైకులో మంత్రిగారి గొంతు మోగుతూనే ఉంది. "ఐదేళ్లుగా మన ఎకరా దిగుబడి పెరుగుతూనే ఉంది! వానలు మొహం చాటేసినా మన ధాన్యం తగ్గలేదు! ఈ గాదెలే సాక్ష్యం!" చప్పట్లు. విదేశీ కొనుగోలుదారులు కూడా కొట్టారు.

కార్యదర్శి మేనేజరును పక్కకు పిలిచి భుజం మీద చెయ్యి వేశాడు.

"క్రేను వస్తోంది. ఈలోపు కంగారుపడి తలుపు జోలికి వెళ్లకండి. పిల్లలు గలవారు."

ఆ చెయ్యి మెత్తగానే ఉంది. మేనేజరుకు మాత్రం గొంతు మీద పడినట్టుంది.

ఇంజనీరు గోడకు చెవి ఆనించాడు. "చప్పుడు అడుగు నుంచి వస్తున్నట్టుందే?"

"ఇనుము కదండీ, ఎక్కడ కొట్టినా ఒకేలా వినిపిస్తుంది" అన్నాడు మేనేజరు. తన గొంతు తనకే పరాయిగా తోచింది.

చప్పుళ్ల మధ్య ఎడం పెరిగింది. కాసేపటికి అవీ ఆగిపోయాయి.

భార్య ఏడవలేదు. తల తిప్పి భర్త మొహంలోకి చూసింది. అంతే.

మేనేజరు జేబులోంచి తాళంచెవి తీసి, తలుపు వైపు నడిచాడు.

"ఏమయ్యా, మతిపోయిందా? చస్తావు! వాణ్ణీ చంపుతావు!" అని అరుస్తూ ఇంజనీరు ఆమెను చెయ్యి పట్టి దూరంగా లాక్కుపోయాడు. కూలీలు తలో దిక్కూ పరుగెత్తారు. కార్యదర్శి ఒక్కడే తలుపు వైపు పరుగెత్తాడు.

అతను చేరేలోపు గడియ ఊడింది. మేనేజరు తలుపు రెక్క పట్టుకుని బలమంతా పెట్టి లాగాడు.

బార్లా తెరుచుకున్న తలుపులోంచి ఒక్క గింజ కూడా రాలలేదు. వట్టి సిమెంటు నేల మీద, విరిగిన కాలితో, బావమరిది ఒక్కడే పడి మూలుగుతున్నాడు.