తలపు దీపం

"నా మొగుణ్ణి పొట్టన పెట్టుకున్నావు కదే, పాపిష్టిదానా!"

ఆరిపోయిన తలపు దీపాన్ని ముసలి తోర్దిస్ బల్ల మీద ఠపీమని పెట్టింది.

వీగా గబుక్కున తలెత్తి పైకప్పు వైపు చూసింది. పైన చేపలకు పొగపెట్టే కొట్టు, దాని ముందే నడివీధి. ఆ రాజ్యంలో తలపులన్నీ రాజుగారి సొత్తు. తలపుతో నడిచే వస్తువు చేసినవాళ్ళకు చేతివేళ్ళు మిగలవు. అయినా మనుషులకు అవసరాలు ఆగవు కదా! అందుకే వీగా ఈ నేలమాళిగలో కూర్చుని, తల్లి తలిస్తే ఊగే ఊయలలు, దారి తలిస్తే తిరిగే చుక్కానులు గుట్టుగా తయారు చేస్తోంది.

"మెల్లగా అవ్వా! భటుల చెవిన పడితే నా పది వేళ్ళూ పోతాయి."

"పోనీ! నా ఎస్కిలే పోయాక నీ వేళ్ళు ఎవడిక్కావాలి? సముద్రం మీదున్న మనిషి నన్ను తలుచుకున్నన్నాళ్ళూ ఇది వెలుగుతుందని మీ అమ్మే కదా చేసిచ్చింది? నిన్న ఆరిపోయింది. అంటే ఆయన..."

ఆమె వెంట వచ్చిన ముసలి పడవవాడు మూట పట్టుకుని మెట్ల దగ్గరే నిలబడ్డాడు.

"వాణ్ణి చూడు, గుడ్లగూబలా!" అంది తోర్దిస్ కళ్ళు తుడుచుకుంటూ. "పొద్దున లేచేసరికి మా గుమ్మంలో ఉన్నాడు. పడవలో దింపుతానంటే సరేనన్నాను. అప్పట్నుంచీ వదలడు."

వీగా వేడి బార్లీ గంజి పోసి ఇచ్చింది. పడవవాడు గిన్నె అందుకుని, ఉల్లిపాయ ముక్కలన్నీ వేళ్ళతో ఏరేసి, అప్పుడు ముసలామె చేతికిచ్చాడు.

"నాకు ఉల్లి పడదని నీకెవడు చెప్పాడోయ్?"

"ఊరికే... అనిపించింది అమ్మగారూ."

"చూపులకే మొద్దు. బుర్ర ఉంది!"

వీగా దీపం విప్పింది. తల్లి చేతి పని ముట్టుకుంటే ఆమెకు ఇప్పటికీ కళ్ళు చెమరుస్తాయి. దీపం నడుమ వెలుగురాయి ఉంటుంది. వెలిగించే రోజున ఆ రాయిని ఎవరి వేలు ముందు తాకితే, ఆ మనిషి తలపుతోనే దీపం నడుస్తుంది. అందుకే ఊరెళ్ళేవాళ్ళు వట్టి చేతులతో వస్తారు, ఇంట ఉండేవాళ్ళు చేతులకు ఉన్ని తొడుగులు వేసుకుని వస్తారు. అది ఆనవాయితీ.

రాయి మీద బొటనవేలి ముద్ర చూసి వీగా తెల్లబోయింది. తాళ్ళు లాగి బండబారిన నావికుడి వేలు కాదది. చిన్నగా, సన్నగా ఉంది.

"అవ్వా, దీపం వెలిగించిన రోజు నువ్వు తొడుగులు తీశావా?"

"తియ్యనా మరి? ఏడాది పాటు కంటికి కనపడకుండా పోయే మనిషి చెయ్యి ఉన్నితో పట్టుకుంటారా ఎవరైనా? రాయి కూడా నేనే తీసి ఆయన చేతిలో పెట్టాను. అయితే ఏంటిట?"

వీగా రాయిని మెల్లగా బల్ల మీద పెట్టింది. పేరు తలుచుకుంటే తలపు దీపం వెలగదు, ముఖం తలుచుకుంటేనే వెలుగుతుంది. తలిచే మనసులో ఆ ముఖం ఉన్నంతవరకే దీపం.

"ఎస్కిల్ తాత ఎలా ఉంటాడు అవ్వా?"

"నా మొగుడి మొహం నాకు తెలీదా? ఆయన కళ్ళు..." తోర్దిస్ ఆగింది. "ఆయన కళ్ళేమో..."

ఆమె చేతులు గాలిలో ఏదో తడుముకున్నాయి. ఏమీ దొరకలేదు. ముసలామె చిన్నపిల్లలా ఏడ్చింది. ఆ ఏడుపు వినలేక వీగా ఆమె చేతులు పట్టుకుంది.

"ఏడవకవ్వా! రాయి బీటవారింది, అంతే. మా అమ్మ పనిలో లోపం. మీ ఆయన నిక్షేపంలా ఉన్నాడు."

"ఒట్టు?"

"ఒట్టు."

ఏడ్చి ఏడ్చి తోర్దిస్ కుంపటి పక్కనే కునుకు తీసింది. వీగా పడవవాణ్ణి దగ్గరకు పిలిచింది.

"తాతా, దోవలో ఆవిడకేం చెప్పకు. నేను అబద్ధమాడాను. ఆ ఎస్కిల్ ఉన్నాడో పోయాడో ఈ దీపానికి తెలీదు. ఇన్నేళ్ళూ ఇది వెలిగింది ఆయన తలపుతో కాదు, ఈవిడ తలపుతో. ఇప్పుడు ఆయన ముఖం ఈవిడ మనసులోంచి చెరిగిపోయింది."

పడవవాడు జారిపోయిన శాలువాను ముసలామె భుజాల మీదికి లాగాడు. ఆరిన దీపాన్ని ఒళ్ళోకి తీసుకున్నాడు.

"రేవుల్లో తాగి తిరుగుతూ నేను నా తోర్దిస్‌ని మరిచిపోయిన రోజుల్లో కూడా దీపం ఒక్కనాడూ తగ్గలేదని తను అనేది, తల్లీ," అన్నాడు. "ఎలా వెలిగిందా అని ఇన్నేళ్ళూ అనుకుంటూనే ఉన్నాను."