చేతులెత్తే మీటింగు

"చెయ్యెత్తినవా?" విశ్రాంతమ్మ బస్సు దిగీ దిగకముందే అడిగాడు మార్కు.

"ఎత్తిన."

భద్రాచలంలో ఆ రోజు గోడౌన్ హమాలీల సంఘం మీటింగు. యజమానులను పండుగ బోనస్ అడగాలా, ఉచిత వైద్యానికి దవాఖానా కార్డు అడగాలా అన్నది చేతులెత్తి తేల్చాలి. ఆడవాళ్లకు బస్సు ఉచితం కదా అని తన బదులు భార్యను పంపాడు మార్కు. ఆమెది టికెట్టు లేని ప్రయాణం, స్టాపులో అతనిది ఠికానా లేని ఎదురుచూపు.

"బోనస్‌కే గదా?"

"కార్డుకు."

"నేను చెప్పిందేంది, నువ్వు చేసిందేంది? నాతోటి మూటలు మోసే పూల్‌సింగ్ నవ్వుతడు."

"పూల్‌సింగ్ రాలే, ఆయన పెళ్లాం సోని వచ్చింది. హాలంత ఆడోళ్లమే. మైకు పట్టుకున్నాయన బిత్తరపోయిండు."

"బస్సు ఫ్రీ గదా మరి."

"హాలు పక్కింటాయన గూడ పెళ్లాన్నే పంపిండు. ఆయనకేం బస్సయ్యా? గదే అడిగింది సోని. అప్పుడు ఒక్కొక్కలం బయటపెట్టినం."

"ఏం బయటపెట్టిండ్రు?"

"మూటలు మోసి మోసి మీ భుజాలు పోయినయని. చెయ్యి చెవిదాక లేవదని. మేస్త్రీకి తెలిస్తే ముఠాల నుంచి తీసేస్తడని ఎవరికి వాళ్లు దాస్తుండ్రని."

మార్కు తన భుజం తడుముకున్నాడు.

"పూల్‌సింగ్‌కు గూడనా?"

"అవ్."

"మరి మేస్త్రీకి ఎర్కయితే ఎట్లనే?"

"మేస్త్రీ గూడ రాలేదయ్యా. కార్డు అనంగనే ముందుగాల చెయ్యెత్తింది ఆయన పెళ్లామే."