పడని పిల్ల

కొండల్లో మంచు కురవడం మానేశాక, అఖిల భారత కళాశాలల స్కీయింగ్ పోటీలు ఈ ఏడు కదిరిలో పెట్టారు. ఊరి నీళ్లన్నీ పోటీల కోసం కట్టిన హాల్లో మంచు చెయ్యడానికే పోతుండడంతో కొళాయిలు ఎండిపోయాయి.

ఆ రోజు ఒక్కసారి కూడా పడకుండా బంగారు పతకం గెలిచిన మృదుల, తనకు బస ఇచ్చిన ఓబులమ్మ ఇంటికి గర్వంగా వచ్చింది. ఓబులమ్మ పతకం వైపు చూడలేదు. ఊళ్లో ఆడవాళ్లందరూ చేస్తున్నట్టే, మృదుల కోటు అందుకుని, దానికి అంటిన మంచునీళ్లు బకెట్లోకి పిండింది. నాలుగు చుక్కలు రాలాయి.

“ఈ పొద్దు ఇంతేనా పాపా?”

“పడలేదు పెద్దమ్మా,” అంటుంటే మృదులకు తల కొట్టేసినట్టయింది. అంట్లు అలాగే పడి ఉన్నాయి. పతకాన్ని గుప్పిట్లో దాచుకుంది.

ఓబులమ్మ నొచ్చుకోలేదు.

“పోనీలే. నిన్న బాగా పడింటివి, అంట్లన్నీ తోముకుంటి. రేపు కూడా పోటీ ఉండాది గదా.”