గోడ మీది రెండు మేకులు

“గోడ మీద పటాలేవండీ?” అంది ఉన్‌బ్యోల్. బొమ్మల పుస్తకం తిప్పుతూ ఒక పేజీ దగ్గర ఆగిపోయింది.

హోటల్లో కాఫీ తాగుతున్న అన్సెల్మో తలెత్తాడు. స్పెయిన్ నుంచి వచ్చిన చిత్రకారుడాయన. వారం రోజులుగా ఈ గైడమ్మాయి వెంట ప్యోంగ్యాంగ్ అంతా తిరిగి బొమ్మలు గీశాడు. ఈ బొమ్మ నిన్న పొద్దున ఆమె చూపించడానికి తీసుకెళ్ళిన చూ అనే అవ్వ ఇంట్లో గీసినది. అవ్వ ముల్లంగి తరుగుతోంది. వెనక గోడకి రెండు మేకులు, అంతే.

“నేను చూసిందే గీశాను. మేకులే ఉన్నాయి మరి.”

ఉన్‌బ్యోల్‌కి అప్పుడు తట్టింది. విదేశీ అతిథి వస్తున్నాడని అవ్వ నాయకుల పటాలు దించి, తుడవడానికి లోపలికి తీసుకెళ్ళింది. వీళ్ళేమో అరగంట ముందే ఊడిపడ్డారు. తను వంటింట్లో కబుర్లలో పడి గోడ వంకే చూడలేదు. పాడు భక్తి, ఎంత పని చేసింది! ఇంటింటా నాయకుల పటాలు ఉండి తీరాల్సిన ఉత్తర కొరియాలో పటాల్లేని ఇల్లంటే మాటలా? అవ్వా పోతుంది, కొడుకూ కోడలూ పోతారు, దగ్గరుండి తీసుకెళ్ళిన తనూ పోతుంది.

చింపేద్దామంటే అధికారులు పేజీలన్నీ లెక్కపెట్టి ముద్ర వేశారు. రేపు విమానాశ్రయంలో మళ్ళీ చూస్తారు. నాయకుల ముఖాలు వద్దనీ, అవి గీయడానికి వేరే అనుమతి కావాలనీ, రెండు చట్రాలు గీసి అద్దాల మీద వెలుతురు పడ్డట్టు వదిలేస్తే చాలనీ బతిమాలింది. లేనిది గీయడం తనకి చేతకాదన్నాడు అన్సెల్మో. చివరికి ఆమె కన్నీళ్ళు చూసి పెన్సిల్ తీశాడు.

మర్నాడు విమానాశ్రయంలో అధికారి పేజీలు తిప్పుతూ సరిగ్గా ఆ బొమ్మ దగ్గరే ఆగాడు.

“బాగుంది. చూసే గీశాడా అని అడుగు.”

ఆమె స్పానిష్‌లో అడిగింది. అన్సెల్మో ముఖం వెలిగిపోయింది. ఆ పిల్లకి నాలుగు మంచి మాటలు దక్కాలనుకున్నాడు, పిచ్చి మారాజు.

“అబ్బే, అక్కడ పటాల్లేవు. ఈవిడ ఏడ్చి బతిమాలితే పెట్టాను. మీ నాయకులంటే అంత భక్తి ఈవిడకి.”

ఉన్‌బ్యోల్ అధికారి వైపు తిరిగి నవ్వింది.

“గోడ మీద ఎలా ఉన్నాయో అలాగే గీశానంటున్నారు, కామ్రేడ్.”

అధికారి తలూపి పుస్తకం మూశాడు. హమ్మయ్య అనుకుంది.

“ఆ అవ్వ పేరేమిటండీ?” అన్నాడాయన అన్సెల్మోతో, తేట స్పానిష్‌లో.