కుందేలుకూ పందికీ నడుమ

స్నానం చేసి, తడి గడ్డంతోనే గెమర్యా లేఖకుల గదిలో అడుగుపెట్టాడు. బల్లపై పరచిన తోలు పుటను చూడగానే, ఈగ పడిన గిన్నెను చూసినట్టు ఆయన ముఖం ముడుచుకుపోయింది.

"మళ్లీ ఈ అక్షరాలేనా? ఇటుకలు పేర్చినట్టు! బబులోను చెరలో మన పెద్దలకు అంటుకున్న గజ్జి ఇది. ఇంకా గోక్కుంటూనే ఉన్నారు."

ఆ పుట రాసిన పెలట్యా నవ్వాడు. "యెరూషలేము మొత్తం గోక్కుంటోంది తాతా. పూర్వుల లిపి మీ ఒక్కరికే మిగిలింది."

నిజమే. గ్రంథమంతా కొత్త చదరపు అక్షరాల్లో సాగినా, దేవుని నామం మాత్రం పూర్వుల లిపిలోనే ఉండాలి. నామం వచ్చిన చోట లేఖకులు ఖాళీ విడుస్తారు. గెమర్యా వచ్చి నింపుతాడు. ఒకసారి రాసిన నామాన్ని గీకకూడదు, తుడవకూడదు. ఎవరి వల్ల పుట పాడవుతుందో, వారు ఆ గదిలో మళ్లీ కలం పట్టకూడదు. అది కట్టడ.

గెమర్యా ఖాళీకి అటూ ఇటూ గుడ్డపేలికలు పరిచి, పక్క మాటలను కప్పేశాడు.

"నామం రాసేవాడి కళ్లు ఈ మురికి మీద పడకూడదు."

"ఆ మురికి కూడా ధర్మశాస్త్రమే కదా తాతా!"

"నోరు ముయ్యరా. ధర్మశాస్త్రం నాకు కంఠస్థం. నీలాగా ఒక్కొక్క గింజే ఏరుకుతినే కోడిని కాను."

ఏడు ఖాళీలు నింపాడు. ఏడోచోట సిరా అంచులు కాస్త పాకాయి. తోలును తిట్టుకున్నాడు.

మధ్యాహ్నం పెద్ద లేఖకుడు అక్బోరు సరిచూడటానికి కూర్చున్నాడు. వేలు నడుపుతూ పైకి చదువుతున్నవాడల్లా చటుక్కున ఆగిపోయాడు. అతని ముఖం పాలిపోయింది.

అది అపవిత్ర జంతువుల వరుస. కుందేలుకూ పందికీ నడుమ, దేవుని నామం.



"అక్కడ తోలు పలచన. సిరా పాకుతుందని ఆ చోటు రాయకుండా వదిలేశాను," అన్నాడు పెలట్యా. "పక్క మాట ఒక్కసారి చూస్తే తెలిసిపోయేది కదా తాతా!"

అక్బోరు ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. "ఎందుకు చూడలేదు గెమర్యా?"

"చూడటమా?" గెమర్యా గడప దాకా వెళ్లి బయట ఉమ్మి వచ్చాడు. "ముప్పై ఏళ్లుగా ఈ పురుగుల బారు మీద నా చూపు వాలనివ్వలేదు. నామాన్ని పంది పక్కన కూర్చోబెట్టిన వీడి కోసం ఇప్పుడు వాలనివ్వనా?"

అంతటి నిష్ఠకు ఎదురు చెప్పేదెవరు? అక్బోరు తల వంచాడు.

పెలట్యా తన కలం బల్లమీద పెట్టి, గడప దాటాడు. పాడైన పుటను కుండలో ఉంచి, మూత పెట్టి, మట్టిలో పూడ్చారు.

ఇల్లు చేరిన గెమర్యా తలుపు గడియ వేసుకుని, పరుపు కింద దాచిన కుండపెంకును బయటికి తీసి, దానిమీద గీసి ఉన్న ఇరవైరెండు చదరపు అక్షరాలను, ముప్పై ఏళ్లుగా తలకెక్కని ఆ వరుసను, మళ్లీ మొదటినుంచి వేలుపెట్టి కూడబలుక్కోసాగాడు.