మద్దిచెట్టు కింద అమ్మోరు

“మేం రంపం ముట్టుకోం శెట్టీ,” అన్నాడు కూలీల మేస్త్రీ గురుస్వామి. “చెట్ల కింద అమ్మోరు వెలిసింది.”

నంద్యాలలో బట్టల అంగడి ఉన్న లోకేశ్, ఆళ్లగడ్డ అవతల నల్లమల అంచున ఈ పట్టా భూమి కొన్నది రిసార్టు కట్టడానికి. దానికి అడ్డంగా ముత్తాతల నాటి మద్దిచెట్లున్నాయి. నలుగురు చేతులు కలిపినా ఒక్కదాన్నీ చుట్టలేరు. వాటి మధ్య, నిన్నటిదాకా లేని రాతి విగ్రహం ఒకటి బాసింపట్టు వేసుకుని కూర్చుంది. పొద్దెక్కేసరికి కూలీలు ముఖం కనిపించకుండా దానికి పసుపు మెత్తేశారు.

లోకేశ్ తెలివైనవాడు. కారు పంపి, ఆళ్లగడ్డ నుంచి శిల్పి నారాయణను రప్పించాడు.

“ఇది పాతదా, కొత్తదా? అందరికీ ఇనపడేట్టు చెప్పప్పా.”

నారాయణ విగ్రహం వీపు తడిమాడు. “నేను చెక్కిందే సార్. పోయిన నెల.”

“ఇన్నారా?” అన్నాడు లోకేశ్, కూలీల వైపు తిరిగి.

“ఆయప్ప చెక్కని దేవుడు మన తట్టు ఏ గుళ్లో ఉండాడు శెట్టీ?” అన్నాడు గురుస్వామి. కూలీలు నారాయణకు కూడా ఒక దండం పెట్టారు.

“అయినా అమ్మోరు లేకున్నా మాకు మనసొప్పదు. ఎండాకాలం కూడా ఈ వంకలో నీళ్లు పారేది ఈ చెట్ల పుణ్యమే,” అన్నాడు గురుస్వామి.

“ఒక్కో చెట్టుకు పది మొక్కలు నాటిస్తానంటాండా కదా!”

కారులో కూర్చుని శెనక్కాయలు ఒలుచుకుంటున్న లోకేశ్ భార్య అహల్య కిటికీలోంచి తల బయట పెట్టింది. “మిమ్మల్ని తీసేసి అంగట్లో పదిమంది చంటిబిడ్డల్ని కూర్చోబెడతా. యాపారం సాగుతాదా?”

“నువ్వు గమ్మునుండు!”

లోకేశ్ చొక్కా చేతులు మడిచి, తానే విగ్రహాన్ని పెకలించబోయాడు. పసుపుకు పట్టు జారింది. తువ్వాలు తీసి గట్టిగా తుడిచాడు.

పసుపు వెనక నుంచి, రెండేళ్ల కిందట కాలం చేసిన వాళ్లమ్మ కనుబొమలు ముడిచి చూస్తోంది.

లోకేశ్ చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. ఎందుకైనా మంచిదని చెప్పులు కూడా విడిచాడు.

“ఫొటో అహల్యమ్మే ఇచ్చింది సార్,” నసిగాడు నారాయణ.

“కానీండి,” అంది అహల్య, ఇంకో కాయ ఒలుస్తూ. “కూర్చున్న అత్తమ్మను లేపిన మగోడు మీ ఇంట్లో ఇంతవరకూ పుట్టలేదు.”