పిండి ముంత

శనివారం పొద్దున్నే స్తెఫా పొయ్యి రాజేస్తుంటే జెలిక్ గారికి కథ తట్టింది.

ఎప్పుడూ శనివారమే తడుతుంది. సబ్బాతు నాడు యూదులు నిప్పు ముట్టించకూడదు, కలం పట్టకూడదు. నిప్పు సంగతి చూడటానికి క్రైస్తవురాలు స్తెఫా ఉంది. పదకొండేళ్లుగా కథల సంగతీ ఆమే చూస్తోంది.

"విను స్తెఫా. సాయంత్రానికి నేను మరిచిపోతాను."

"చెప్పండయ్యగారూ."

ఆయన చెబుతారు. ఆమె గుర్తుపెట్టుకుంటుంది. ఆకాశంలో మూడు చుక్కలు పొడిచి సబ్బాతు ముగిశాక తిరిగి చెబుతుంది. అప్పుడు ఆయన రాసుకుంటారు. విల్నా ఊళ్లో యూదులు ఎగబడి చదివే ఆరు చారిత్రక నవలలూ అలా పుట్టినవే.

స్తెఫా యూదుల యిద్దిష్ భాష గలగలా మాట్లాడుతుంది. చదవడం మాత్రం ఒక్క అక్షరం రాదు. ఒకసారి పుస్తకాల దుమ్ము దులుపుతూ అడిగింది.

"అట్ట మీద ఇది మీ పేరని తెలుసు. దాని కింద వరుసేమిటి?"

"తప్పులుంటే ఎవర్ని తిట్టాలో వాళ్ల పేరు."

అచ్చువేసిన వాడిది కాబోలు, పాపం అనుకుంది.

తిట్లు నిజానికి తనకే పడాలని ఆమెకు తెలుసు. ఆయన చెప్పిన కథను ఏనాడూ చెప్పినట్టు తిరిగి అప్పజెప్పలేదు. జెలిక్ గారికి మనుషుల్ని చంపడం సరదా. మతగురువు రబ్బీ భార్యను నదిలో దూకిస్తారు. వెండిపనివాడికి క్షయ తెప్పిస్తారు. స్తెఫాకు మనసొప్పదు. మధ్యాహ్నం తన ఇంట్లో బంగాళాదుంపలు చెక్కుకుంటూ అందర్నీ బతికిస్తుంది.

తెలిస్తే పనిలోంచి తీసేస్తారు. పని పోతే ఇంకో ఇల్లు దొరుకుతుందేమో గానీ, ఈ శనివారాలు ఎక్కడ దొరుకుతాయి?

ఆరో నవలలో ఒక యూదు వైద్యుడు పోర్చుగల్ రాజుకు భయపడి దేశం వదిలిపోతాడు. ఆయన చెప్పినప్పుడు వైద్యుడి భార్య రేవులోనే గుండె పగిలి చచ్చిపోయింది. స్తెఫా తిరిగి చెప్పేసరికి పులిసిన పిండి ముంత చంకన పెట్టుకుని ఓడెక్కింది. కొత్త ఊళ్లో రొట్టెలు చేసుకోవద్దూ?

"నేనిలాగే చెప్పానా?"

"అచ్చం ఇలాగే."

ఆయన కళ్లద్దాల పైనుంచి ఒకసారి చూసి రాసుకున్నారు.

పుస్తకం వచ్చిన వారానికి చేపల కాయ్లా బజార్లో ఆపింది.

"ఏమే స్తెఫా, వచ్చే నవల్లో కూడా ఎవరూ చావకూడదు, చెబుతున్నా!"

"అయ్యగారితో చెబుతాలే."

"ఆఁ, ఆఁ, ఆయనతోనే చెప్పు" అంటూ కాయ్లా నవ్వుతూ ఓ చేప ఎక్కువే వేసింది.

ఆదివారం గ్రంథాలయంలో ఆ నవల మీద సభ పెట్టారు. స్తెఫాను ముందు వరుసలో కూర్చోమన్నారు జెలిక్ గారు.

"నేనెందుకండీ అక్కడ?"

"నాకు దగ్గొస్తే మంచినీళ్లెవరిస్తారు?"

మంచినీళ్ల కూజా ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. సభ సగంలో బడిపంతులు లైబ్ పుస్తకం పట్టుకుని లేచాడు.

"తొంభయ్యో పేజీ! ఓడ బయల్దేరింది పస్కా పండగ వారంలో. ఆ వారం మన ఇళ్లలో పులిసిన పిండి చిటికెడు కూడా ఉండకూడదు. ఈవిడ ఏకంగా ముంతెడు పట్టుకెళ్తోంది! ఇది ఏ యూదుడి బుర్రలో పుట్టిందండీ?"

అతను అడిగింది జెలిక్ గారిని. చూసింది ముందు వరుసలోకి.

జెలిక్ గారు గడ్డం నిమురుకున్నారు. "యూదుడి బుర్రలో పుట్టలేదు."

స్తెఫాకు చెమటలు పట్టాయి. మరుక్షణం ఒళ్లు మండింది. కూజాతో సహా లేచి నిలబడింది.

"పస్కా అని నాకు చెప్పారా అయ్యగారూ? చెబితే ముంత పట్టిస్తానా? ఏటా పస్కాకు మీ అల్మారాల్లో రొట్టె పొడి లేకుండా తుడిచేది ఎవరు? నేను కాదూ? నా కథలో నాకు తెలీకుండా పండగ పెడతారా!"

తానేమన్నదో అప్పటికి తెలిసింది స్తెఫాకు.

"నేనే మార్చానండీ" అంది నెమ్మదిగా. "ఒక్కటి కాదు, ఆరూ. ఆయన తప్పేం లేదు. రేపట్నుంచి పనిలోకి రానులెండి."

ఎవరూ ఆశ్చర్యపోలేదు. అదే ఆమెకు అర్థం కాలేదు.

వెనక వరుసలోంచి కాయ్లా ముందుకొచ్చి, కూజా తను తీసుకుని, పుస్తకం ఆమె చేతిలో పెట్టి, మొదటి నవల నుంచీ ప్రతి అట్ట మీదా జెలిక్ గారి పేరు కింద ఉన్న ఆ రెండో వరుసను పసిపిల్లకు నేర్పినట్టు వేలు పెట్టి చదివింది: "స్తె... ఫా."